జేబు నోరు

దుర్గవ్వ ఊపిరి గేటు దగ్గర మేకుకు వేలాడుతోంది.

ఒక్క దుర్గవ్వదే కాదు. హోటల్ వెనక గేటు పక్కన సెక్యూరిటీ గది, ఆ గది గోడకు వరసగా మేకులు. మేకు మేకుకూ లోపలున్నదంతా కనిపించే ప్లాస్టిక్ కవరు. కవర్లలో ఫోన్లు, తాళంచెవులు, మాత్రల పట్టీలు, పేపర్లో చుట్టిన ప్యాడ్లు. ఆడమనిషి తన దగ్గర తాను దాచుకునేదంతా పోయేవాడికీ వచ్చేవాడికీ కనిపించేలా గోడకెక్కింది. దుర్గవ్వ కవరులో ఆయాసం వచ్చినప్పుడు నోట పెట్టి పీల్చే నీలం రంగు దమ్ము పంపు ఉంది. ఆమె మాత్రం నాలుగో అంతస్తులో పక్కబట్టలు మారుస్తోంది.

జయశీల మెడలో టేపు వేసుకుని కొలతలకు వచ్చింది. సాతంరాయిలో చర్చి వెనక సందులో, రేకుల షెడ్డులో ఆమె కుట్టుపని. ఇంతకాలం పెళ్లి రవికెలు, చర్చి పెళ్లిళ్లకు తెల్ల గౌన్లు కుట్టింది. పాల్మాకుల దాటాక హైవే పక్కన లేచిన ఈ హోటల్‌లో గదులు తుడిచే ఆడవాళ్లందరికీ కొత్త యూనిఫాం కావాలన్నారు. శాంపిలు నచ్చితే పని ఆమెదే. బట్ట మీద పేరూ ఆమెదే వేసుకోవచ్చన్నారు. ఆ రెండో మాట విన్నప్పటినుంచి జయశీల కాళ్లు నేలకు సరిగా ఆనడం లేదు. అంతకు ముందు సినిమాల్లో ఏళ్ల తరబడి చిన్న వేషాలు వేసినా ఆమె పేరు తెర మీద ఒక్కసారీ పడలేదు. 'మరియు తదితరులు' అని పడేది. ఆ తదితరుల్లో ఆమె ఉండేది.

సర్వీసు లిఫ్టు తలుపు తెరుచుకుంది. ఎదురుగా పొడుగాటి వరండా. కింద కార్పెట్ అడుగుల చప్పుడును మింగేస్తోంది. రెండు వైపులా మూసిన తలుపులు, గోడల్లోంచి ఊరుతున్నట్టు పాల వెలుతురు. చివరి కిటికీ అద్దంలో విమానం ఒకటి చడీచప్పుడూ లేకుండా దిగుతోంది. జయశీల ఆగిపోయింది. ఇక్కడికి తాను ఇంతకు ముందే వచ్చినట్టుంది. ఒకప్పుడు సినిమా సెట్లో ఇలాంటి వరండాలోనే, ప్లైవుడ్ గోడల మధ్య, చేతిలో చీపురు పట్టుకుని, ఎవరో పిలుస్తారని రోజంతా నిలబడింది. ఆ వరండా చివర రంగు వేసిన గుడ్డ ఉండేది. ఈ వరండా చివర మనిషి ఉంది. దుర్గవ్వ. గోడకు చెయ్యి ఆనించి నోరు తెరుచుకుని గాలి కోసం వెతుక్కుంటోంది.

"ఏమైందవ్వా?"

"దమ్ము... పంపు కిందున్నది."

"కింద ఎందుకు పెట్టినవ్?"

"నేనెందుకు పెడ్తనమ్మా. పైకి తేనియ్యరు." మాటకూ మాటకూ మధ్య ఈల వేసినట్టు చప్పుడు. "చేతుల పట్టుకుని పనిజేస్తమా? జేబు లేదాయె."

జయశీల కిందికి ఉరికింది. గేటు గదిలో లక్ష్మణ్ అనే కుర్ర గార్డు కవరు ముందు నిలబడి చేతులు నలుపుకున్నాడు.

"ఎవలది వాళ్లకే ఇయ్యాలె అక్కా. నీకిస్తె రేపు నా నౌకరి పోతది. ఆమెనే రమ్మను."

"ఆమె నడిచేటట్టుంటే నేనెందుకొస్త తమ్మీ?"

"నాకెర్కనే అక్కా. నాకేమన్న మంచిగుందా?"

మళ్లీ పైకి. దుర్గవ్వను రెక్క పట్టుకుని లిఫ్టులోకి, లిఫ్టులోంచి గేటుకు. లక్ష్మణ్ కవరు తీసి పంపు అందించాడు. దుర్గవ్వ రెండుసార్లు పీల్చి, కళ్లు మూసుకుని, మెల్లగా మనిషైంది. కళ్లు తెరిచి మొదట చూసింది గోడ మీద గడియారం వంక.

"అయ్యో, నా రూములు!" అంది.

పంపు తిరిగి కవరులోకి, కవరు మేకుకు.

హౌస్ కీపింగ్ మేనేజరు మాధవీలత గారిది గుంటూరు వైపు మాట. కనుబొమ్మ కూడా ఇస్త్రీ చేసినట్టుండే మనిషి. నల్లకోటు వేసుకుంది. ఎదుటి మనిషి మొహం కంటే ముందు ఒంటి మీద బట్టను చదవడం జయశీలకు అలవాటు. ఆ కోటుకు రెండు పక్కలా జేబు మూతలున్నాయి. అవి చదునుగా అంటుకుపోయి ఉన్నాయి. వాటి కింద ఏనాడూ చెయ్యి దూరినట్టు లేదు.

"రంగు మీ ఇష్టం, గుడ్డ మీ ఇష్టం," అంది మాధవీలత. "జేబులు మాత్రం వద్దండీ. ఎక్కడా వద్దు."

"ఎందుకు మేడం?"

"ఒక గెస్ట్ గారి ఉంగరం పోయింది. పెద్ద గొడవ అయింది. తరవాత ఆయన కారు సీటు కిందే దొరికిందట. అప్పటికే ఈ రూల్ పెట్టేశారు."

"దొరికింది గదా."

"దొరికిందండీ. రూల్ మాత్రం ఉండిపోయింది." ఆ మాటలోని తప్పు ఆమెకు వినిపించినట్టే ఉంది. అయినా ఫైలు మూసేసింది.

జేబు లేని బట్ట అంటే ఏమిటి? ఈ మనిషిని మేం నమ్మడం లేదని ఆ మనిషి ఒంటి మీదే కుట్టి, పొద్దున్నే దాన్ని ఆమె చేతే తొడిగించడం. ఇంతకంటే వేరే అర్థం లేదు.

ఆ మాట జయశీల అనాలనుకునేలోపే హోటల్ ప్రచారం పనులు చూసే మధు ఫోను పట్టుకుని వచ్చేశాడు.

"మేడం, మీరు... 'వెతుక్కోండి' అక్క గదా!"

ఫోను తిప్పి చూపించాడు. తెర మీద చీపురు పట్టుకున్న పాతికేళ్ల జయశీల. ఏదో సినిమాలో హోటల్ పనిమనిషి వేషం. గొలుసు దొంగిలించావని హోటల్ యజమానురాలైన హీరో తల్లి నిలదీస్తే కొంగు దులిపి చూపిస్తూ ఏడుస్తుంది: "నా దగ్గర ఏముందమ్మా, వెతుక్కోండి!" ఆ దులపడంలో కొంగులోంచి వేరుశెనగ పొట్టు రాలుతుంది. హాలంతా నవ్వింది. సినిమా పోయింది, పొట్టు మిగిలింది. ఇన్నేళ్ల తర్వాత ఆ ఏడుపు మొహం ఫోన్లలో తిరుగుతోంది.

"మా దోస్తులు దినాం మీ బొమ్మనే పంపుకుంటరు మేడం. నెలాఖర్ల ఎవడన్న చేబదులు అడిగితే చాలు, ఇగ మీరే!" మధు మనస్ఫూర్తిగా సంబరపడుతున్నాడు. "శాంపిల్ చూపించేరోజు ఆ డైలాగ్ ఒక్కసారి చెప్పున్రి, రీల్ తీస్త. ఓనర్ సార్ కూడ మీ ఫ్యానే. సార్ ఖుష్ అయితే ఆర్డర్ మీదే."

జయశీల నవ్వింది. ఆ నవ్వూ సినిమాలో నేర్చుకున్నదే.

షెడ్డు మీదుగా విమానాలు ఎంత కిందికి వస్తాయంటే, రేకుల సందుల్లోంచి పడే ఎండ ఒక్క రెప్పపాటు ఆగి మళ్లీ పడుతుంది. మొదట్లో చేతులు ఆగేవి. ఇప్పుడు నీడ పోయేదాకా కత్తెర గాలిలో నిలిచి, నీడ దాటాక దానంతట అదే కదులుతుంది. పరిచిన గుడ్డ మీద నీడ జారుతుంటే పొగరంగు బట్ట నీళ్లలా కదిలినట్టుంటుంది. అప్పుడు జయశీల ఎక్కడికో వెళ్లిపోతుంది. సెట్లో దీపాలు ఒక్కొక్కటే వెలుగుతున్నట్టు, ఎవరో దూరంనుంచి తన పేరు పిలుస్తున్నట్టు ఉంటుంది. పిలిచేవాడికి పేరు సరిగా తెలియదు. జయమ్మా అంటాడు, శీలా అంటాడు, చీపురు అమ్మాయీ అంటాడు.

"అక్కా, కత్తెర!" అని కేక వేసింది సునీల. వరసకు చెల్లెలు. మిషను మీద కూర్చుంటే మాట, కుట్టు రెండూ ఆగవు. "గుడ్డ దాటి బల్ల కోస్తున్నవ్."

జయశీల తేరుకుంది. ముందు వీపు ముక్క కత్తిరించింది. ఎవరైనా ముందు భాగంతో మొదలుపెడతారు. ఆమె వీపుతో మొదలుపెడుతుంది. దానికో కారణం ఉంది. చిన్న వేషాల వాళ్లకు కొలతలు తీసి బట్ట కుట్టరు. హీరోయిన్ వేసి విడిచిన రవికె తెచ్చి తొడిగి, వదులంతా వీపు మీదికి గుంజి క్లిప్పులు పెడతారు. ముందు నుంచి మహారాణి, వెనక నుంచి ఆరేసిన బట్ట. అటు తిరగొద్దని చెప్పేవాళ్లు. కెమెరాకు కనిపించనిది లేనట్టే లెక్క. ఆ క్లిప్పులు పొడుచుకున్న వీపే ఆమెకు బట్ట నేర్పింది. ఎక్కడ లాగుతుందో, ఎక్కడ ఊపిరి పట్టదో, ఎక్కడ మనిషి తనను తాను దాచుకుంటుందో వీపు చెప్పింది.

"పేర్లు యాడ పెడ్తవ్?" సునీల డబ్బా తెరిచింది. నేయించుకొచ్చిన చిన్న పట్టీలు, ఒక్కొక్క దాని మీద ఎర్ర దారంతో 'జయశీల'. "ఆర్డర్ రాకముందే పేర్లు నేయించిన మనిషిని నిన్నే చూసిన. రాకపోతే వీటిని ఏం జేస్తవ్, పచ్చడి పెడ్తవా?"

"మెడ పట్టీల పెడ్త."

"మెడ పట్టీల పెడితే ఎవలు చూస్తరు?"

"నాకు తెలుస్తది."

సునీల డబ్బా మూసి, "జేబులు లేవు గదా, పని అల్కగైతది," అంది.

జయశీల పక్కకుట్టులో, నడుము కింద, కుచ్చు లోపల ఒక సంచి అమర్చడం మొదలుపెట్టింది. బయటినుంచి ఏమీ లేదు, వట్టి కుచ్చు. వేలు పెట్టి వెతికితే తప్ప దొరకదు. దర్జీలు జేబు తెరుచుకునే చోటును నోరు అంటారు. ఈ జేబుకు నోరు ఉందిగానీ పెదాలు లేవు. ఇంత తెలివైన కుట్టు తన జన్మలో కుట్టలేదనుకుంది. రూలుకు రూలు, పంపుకు పంపు. ఆర్డరుకు ఆర్డరు.

సునీల పాదం మిషను మీద ఆగింది. "అక్కా, గిది ఏంది?"

"కనవడుతున్నదా?"

"కనవడ్తలేదు."

"అయితె లేనట్టే," అంది జయశీల, గర్వంగా.

ఆదివారం జయశీల వాళ్లు చర్చినుంచి వచ్చాక దుర్గవ్వ షెడ్డుకు వచ్చింది. ఆమె చర్చి మనిషి కాదు. పాల్మాకులలో చెలక భూమి అమ్ముకోగా మిగిలిన ఇంటి ముక్కలో ఉంటుంది. వారానికి ఒక్క సెలవు, అదీ శాంపిలు తొడిగి చూడమన్నారని వచ్చింది. జయశీల అడిగితే పంపు పొడుగు చూసుకునేందుకు అయిపోయిన పాత పంపు ఒకటి తెచ్చింది.

పరదా వెనకనుంచి కుర్తా ప్యాంటుతో బయటికొచ్చి, అద్దంలో చూసుకుని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"ఓ యమ్మో, నేనేనా? మావోడు చూస్తె ఎవలీ దొరసానని దండం పెడ్తడు."

"వీపు గుంజుతున్నదా అవ్వా?"

"లేదు బిడ్డా. చేతులు లేపితే గూడ మంచిగున్నది. ఇప్పటిది సంకల కాడ కోస్తది." రెండు చేతులూ పైకెత్తింది. పక్కబట్ట దులుపుతున్నట్టు గాలిని దులిపింది. వంగింది. పరుపు మూల ఎత్తి దుప్పటి దోపుతున్నట్టు అభినయించింది. ఏ దర్శకుడూ చెప్పకుండానే పని మొత్తం చేసి చూపించింది. జయశీల చూస్తూ నిలబడిపోయింది. రేకుల సందు ఎండ ముసలామె భుజాల మీద ఆడుతోంది. పైన విమానం పోతే ఆమె ఒక్క క్షణం చీకటై మళ్లీ వెలిగింది.

"ఇటు చెయ్యి పెట్టు," అని జయశీల ఆమె చేతిని కుచ్చులోకి నడిపించింది.

చెయ్యి లోపలికి పోయింది. దుర్గవ్వ మొహం విచ్చుకుంది. పాత పంపును అందులో జారవిడిచి, తీసి, మళ్లీ జారవిడిచింది. తర్వాత అద్దంలో పక్కకు తిరిగి చూసుకుంది.

"బయటికి కనవడ్తలేదే?"

"కనవడది. నీకూ నాకూ తప్ప ఎవలకు ఎర్కగాదు."

నిప్పు తగిలినట్టు చెయ్యి బయటికి తీసేసింది. "అయితె నాకొద్దు."

"అదేందవ్వా! నీ కోసమే కుట్టిన."

"ఎర్కే. నీ మనసు మంచిదే." దుర్గవ్వ కుర్తా గుండీలు విప్పుకుంటూ మాట్లాడింది. "గేటు కాడ దినాం తడుముతరు బిడ్డా. తడిమితే దొరకదా? దొరికిననాడు ఏమంటరు? దాపెట్టుకునేటందుకే జేబు కుట్టిచ్చుకున్నది ముసల్ది అంటరు. ఇన్నొద్దులు ఉత్త అనుమానమే ఉండె. నువ్వు సాక్ష్యం కుట్టినవ్."

సునీల మిషను ఆపేసింది.

"మరి దమ్ము వస్తే?"

"వస్తే వస్తది. దొంగలెక్క పీల్చుకోను." కుర్తా మడిచి బల్ల మీద పెట్టింది. "పెడితే మొఖం మీద పెట్టు, అందరు చూస్తరు. లేకుంటె మానెయ్. దాపెట్టిన జేబు మాత్రం నాకొద్దు తల్లీ."

చాయ్ కూడా తాగకుండా వెళ్లిపోయింది. పాత పంపు బల్ల మీదే ఉండిపోయింది.

జయశీల కుట్టు విప్పే పుల్లతో ఆ కుచ్చు తెరిచింది. దారాలు తెగుతుంటే చెవుల్లో చిటపటలు. కెమెరాకు కనిపించనిది లేనట్టే. ఈ ఒక్క మాట పట్టుకుని ఇన్నేళ్లు బతికింది. ఆ మాట కెమెరా ముందు నిలబడేవాళ్లకు మాత్రమే నిజమని ఈరోజు తెలిసింది. ఒళ్లు తడిమించుకునేవాళ్లకు కాదు. అక్కడ చేతులు చూస్తాయి.

"ఇప్పుడేం జేస్తవ్?" సునీల గొంతు తగ్గింది.

"పైన పెడ్త."

"పైన పెడితే ఆర్డర్ పోతది. నీ పేరు పోతది. ఆలోచన జేసినవా?"

జయశీల పెళ్లి గౌనులకు మిగిలిన ముక్కల మూట దింపింది. తెలుపు, గులాబీ, మళ్లీ తెలుపు. అడుగున ఎవరి పట్టులంగాదో పసుపు ముక్క ఉంది, చేటంత. పొగరంగు కుర్తా ముందు భాగం మీద ఆ పసుపు ముక్క పరిచి చూసింది. కళ్లల్లో గుచ్చుకుంటోంది. గుచ్చుకోవాలనే అనుకుంది. మూడు వైపులా జంట కుట్టు వేసి, నోటి దగ్గర రెండు పక్కలా చిరగకుండా అడ్డకుట్లు వేసింది. పేరు పట్టీ ఒకటి తీసింది. మెడ దగ్గరికి పోయిన చెయ్యి ఆగి, వెనక్కి వచ్చి, జేబు లోపలి గోడకు దాన్ని అతికించింది. చెయ్యి పెట్టిన మనిషికి తగిలేలా.

సునీల నెత్తి కొట్టుకుంది. ఆ తర్వాత తనే లేచి దారం తెంపి ఇచ్చింది.

హోటల్ కింది అంతస్తులో విందుల హాలు. సీలింగునుంచి గాజు దీపాలు గడ్డకట్టిన వానలా వేలాడుతున్నాయి. ఓనరు సోఫాలో కూర్చున్నాడు. చేతికి కడియం, మొహాన నిండు నవ్వు, చెడ్డవాడేం కాదు. చెడ్డవాడు కాకపోవడం పెద్ద ఘనతా? మేకులు ఆయన గోడకే ఉన్నాయి. గదులు తుడిచే ఆడవాళ్లను పిలిపించి గోడ పక్కన నిలబెట్టారు. వాళ్లలో దుర్గవ్వ. మధు ఫోను పట్టుకుని ముందు నిలబడ్డాడు. మాధవీలత నల్లకోటుతో ఓనరు పక్కన.

శాంపిలును బొమ్మకు తొడిగి చూపిస్తుందనుకున్నారు. జయశీల పరదా వెనకనుంచి తనే తొడుక్కుని వచ్చింది.

దీపాలన్నీ ఒక్కసారిగా మీద పడ్డాయి. కార్పెట్ మీద అడుగులు వినబడవు. కలలో నడిచినట్టే నడిచింది. పొగరంగు మధ్య పసుపు జేబు ఆమె కంటే ముందు నడిచింది. మాధవీలత కళ్లు దాని మీదే ఆగాయి.

"జయశీల గారూ, నేను చెప్పాను కదండీ..."

"ఆగండి, ఆగండి," ఓనరు చప్పట్లు చరిచాడు. ఆయన చూపు జేబు మీద లేదు, పాత సినిమా మీద ఉంది. "ముందు ఆ డైలాగు! మా ఇంట్లోవాళ్లకు పంపాలె."

మధు ఫోను ఎత్తాడు. "రెడీ మేడం."

"ఒక్కదాన్నే ఎట్ల చెప్త సార్?" అంది జయశీల. "అండ్ల ఎతికే ఆమె గూడ ఉండాలె. మాధవీలత మేడం, జర ఇటు రాండ్రి. మీరు యజమానురాలు."

నవ్వులు. ఓనరు "వెళ్లండి, వెళ్లండి" అన్నాడు. మాధవీలత ఇబ్బందిగా నవ్వి వచ్చి ఎదురుగా నిలబడింది. మధు వేలితో సైగ చేశాడు.

జయశీల కొంగు దులిపే చెయ్యి అలవాటుగా లేచింది. కొంగు లేదు. చెయ్యి దించింది.

"నా కాడ ఏమున్నదమ్మా," అంది. "ఎతుకున్రి."

ఎవరూ నవ్వలేదు. వాళ్లకు తెలిసిన గొంతు కాదది. లావుగా, సాతంరాయి మట్టితో ఉంది.

మధు ఫోను పక్కనుంచి తొంగిచూశాడు. "మేడం, గొంతు వేరే వస్తున్నది."

"నా గొంతు గిదే తమ్మీ. అండ్లున్నది ఇంకో ఆమెది. నా భాష మంచిగలేదని పెదాలు కదుపుమన్నరు, కదిపిన." మళ్లీ మాధవీలత వైపు తిరిగింది. "ఎతుకున్రి మేడం. సినిమాల కొంగు దులిపిన. గీ బట్టకు జేబున్నది."

మాధవీలత చెయ్యి పసుపు జేబులోకి వెళ్లింది. ఆట కోసం వెళ్లిన చెయ్యి. మొదట మాత్రల పట్టీ వచ్చింది. గోడ పక్కనుంచి ఎవరో పిల్ల కిసుక్కుమంది. తర్వాత పేపర్ చుట్ట. విప్పకముందే అదేమిటో మాధవీలత వేళ్లకు తెలిసిపోయింది. అటూ ఇటూ మగవాళ్లున్నారు. చటుక్కున దాన్ని అరచేతిలో మూసి, మరో చేత్తో నీలం పంపు తీసింది. అదేమిటో అర్థంకాక పైకెత్తి చూసింది.

"ఇదెవరిది?"

"నాది మేడం," అంది గోడ పక్కనుంచి దుర్గవ్వ. "అది ఖాళీది. నిండుది కింద మేకుకున్నది."

మధు చేతిలోని ఫోను మెల్లగా కిందికి దిగింది. గాజు దీపాల్లో ఒకటి ఎక్కడో సన్నగా గణగణమంది, పైన విమానం పోయిందేమో. మాధవీలత రెండు చేతులూ నిండి నిలబడి ఉంది. అరచేతిలో ఉన్నదాన్ని మగవాళ్ల చూపునుంచి తప్పించాలని ఆమె చెయ్యి తన కోటు పక్కకు పోయింది. జేబు మూత ఎత్తింది. మూత కింద వేళ్లు జారి కిందికి వచ్చేశాయి. మళ్లీ ప్రయత్నించింది. మళ్లీ జారాయి.

ఆ ఒక్క క్షణం ఆమె మొహం జయశీల చూసింది. ఫోన్లలో తిరిగే తన మొహమే అది.

మాధవీలత అన్నీ పసుపు జేబులోనే తిరిగి పెట్టింది. ముందు ప్యాడు, పైన పంపు, దాని పైన మాత్రలు. ఓనరు గొంతు సవరించుకున్నాడు.

"సరే... చూసి చెప్తం," అన్నాడు.

చూసి చెప్తాం అంటే ఏమిటో జయశీలకు తెలుసు. సినిమా ఆఫీసుల్లో ఆ మాట విన్న తర్వాత మెట్లు దిగడమే. దిగేసింది.

ఫోను రాలేదు. సునీల మాట్లాడటం మానేసి మిషనును మాత్రమే మాట్లాడనిచ్చింది. పేర్ల డబ్బా మూత పెట్టి అటక మీద ఉంది. జయశీల ఎవరిదో పెళ్లి గౌనుకు తెల్ల పూసలు కుడుతూ, పూసకూ పూసకూ మధ్య వెళ్లిపోతూ వస్తూ ఉంది. పొడుగాటి వరండా, తలుపులు అన్నీ తెరిచి ఉన్నాయి, ప్రతి గదిలోంచీ ఎవరో తన సొంత గొంతుతోనే పలుకుతున్నారు. ఆర్డరు పోయినందుకు బాధగా లేదా అంటే ఉంది. రాత్రి అన్నం సయించనంత ఉంది. కానీ ఆ మాట తన నోటితో తాను అన్నదన్న సంగతి ఆ బాధ కింద వెచ్చగా పడుకుని ఉంది.

సాయంత్రం ఎండ పసుపెక్కే వేళ సందు మొదట్లో కారు ఆగింది. మాధవీలత గుమ్మం దగ్గర తల వంచుకుని రేకుల కిందికి వచ్చింది. చేతిలో నల్లకోటు మడత. కోటు లేకపోతే ఆమె చిన్నదిగా, అలిసిపోయినట్టు ఉంది.

"కూర్చోండి మేడం," సునీల స్టూలు మీది ముక్కలు ఊడ్చేసింది.

"పసుపు రంగు ఒప్పుకోలేదండీ," అంది మాధవీలత కూర్చోకుండానే. "గెస్టుల కళ్లకు బాగుండదన్నారు. అదే బూడిద రంగులో పెట్టమన్నారు."

జయశీలకు ఒక్క క్షణం అర్థం కాలేదు. "ఏం పెట్టమన్నరు?"

"జేబు. ముందు వైపే, మీరు పెట్టినచోటే." ఆగి, "నేను గట్టిగానే అడగాల్సి వచ్చింది," అంది.

"మేకులు?"

"ఇంకా ఉన్నాయి. దుర్గవ్వ గారు మాత్రం ఈరోజు పంపు పైకి తీసుకెళ్లారు. మిగతావి కూడా... చూస్తాను."

"చూస్తనంటే కాదు మేడం."

మాధవీలత తలెత్తింది. కోపం వస్తుందేమోనని సునీల స్టూలు ఇంకాస్త ముందుకు జరిపింది. "పీకిస్తాను," అంది మాధవీలత.

తర్వాత కోటు మడత విప్పి బల్ల మీద పరిచింది. "దీనికి జేబు పెట్టడం కుదురుతుందా? ఆరేళ్లుగా వేసుకుంటున్నాను. మూతలున్నాయి గానీ లోపల లేవు. తొందర లేదు. ముందు మీ వాళ్లవి కుట్టండి. నాది తరవాత."

జయశీల కోటు దగ్గరికి లాక్కుంది. మూత ఎత్తింది. కింద నల్ల బట్ట మీద నల్ల దారం, కంటికి ఆనదు. వేలి కొసతో ఆ గీత వెంట తడిమింది. లోపల మెత్తగా ఏదో మడత తగిలింది. కుట్టు విప్పే పుల్ల తీసి ఒక కొన దూర్చింది. దారం టప్పున తెగింది. ఇంకోటి. ఇంకోటి. సునీల లేచి వచ్చి భుజం మీదుగా వంగింది.

"కొత్తది కుట్టేదిలేదు మేడం," అంది జయశీల. "జేబు లోపల్నే ఉన్నది. దుకాణంల బట్ట నలగొద్దని నోరు కుట్టేస్తరు. కొనుక్కున్నంక మనమే విప్పుకోవాలె. మీకెవలు చెప్పలేదా?"

మాధవీలత దగ్గరికి వచ్చింది. తెరుచుకున్న చోట రెండు వేళ్లు పెట్టింది, ఎవరిదో వస్తువు ముట్టుకుంటున్నట్టు. తర్వాత అరచెయ్యి. మణికట్టు దాకా చెయ్యి లోపలికి వెళ్లిపోయింది.

పైన విమానం దిగుతోంది. రేకుల సందుల్లో ఎండ ఆగింది. నీడ దాటిపోయి వెలుతురు తిరిగొచ్చాక కూడా మాధవీలత చెయ్యి జేబులోనే ఉంది.

సునీల స్టూలు ఎక్కి అటక మీది పేర్ల డబ్బా దింపింది.